హాట్ బాక్స్ కాదు నాన్నా, క్యాసరోల్!

మన ఇళ్లలో కొన్ని ఇంగ్లిష్ మాటలకి అర్థాలు ఎప్పుడో ఫిక్స్ అయిపోయాయి. స్క్వాష్ అంటే ఎండాకాలంలో చుట్టాలొస్తే చల్లటి నీళ్లలో కలిపి ఇచ్చే ఆరెంజ్ డ్రింక్. క్యాసరోల్ అంటే పెళ్లికి గిఫ్టుగా వచ్చిన హాట్ బాక్స్, చపాతీలు చల్లారకుండా పెట్టుకునేది. ఇప్పుడు ఎవరైనా వచ్చి "స్క్వాష్ క్యాసరోల్ చేద్దాం" అంటే మామూలు తెలుగింటి మనిషికి ఏం అర్థమవుతుంది? హాట్ బాక్స్ నిండా ఆరెంజ్ జ్యూస్!

మా నాన్నకి అచ్చం అలాగే అర్థమైంది. లేచి వెళ్లి అటక మీది నుంచి హాట్ బాక్స్ తీసి, దుమ్ము తుడిచి తెచ్చి పెట్టాడు.

నిజానికి క్యాసరోల్ అన్నది ఫ్రెంచ్ మాట. మొదట్లో గిన్నె పేరు. తర్వాత ఆ గిన్నెలో పెట్టి ఓవెన్‌లో కాల్చిన వంటకి కూడా అదే పేరు వచ్చింది. మనం బిర్యానీ హండీని "హండీ బిర్యానీ" చేసుకున్నట్టే. ఇక స్క్వాష్ అంటే గుమ్మడి జాతి కాయ. అమెరికాలో ఇప్పటి రోడ్ ఐలాండ్ ప్రాంతంలో ఉండే నరగాన్సెట్ తెగవాళ్ల 'అస్కుటాస్క్వాష్' అన్న మాటని ఇంగ్లిష్ వాళ్లు సగానికి కోసేసి స్క్వాష్ అన్నారు. అంటే రెండు మాటలూ కలిపి చెప్పేది ఒక్కటే. చీజ్ వేసి, ఓవెన్‌లో పెట్టి కాల్చిన గుమ్మడికాయ కూర.

ఇంత సింపుల్ వంట మా ఇంట్లో అంత పెద్ద విషయం ఎందుకైందో చెప్పాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి.

మా అక్క న్యూజెర్సీలోని ఎడిసన్‌లో ఉంటుంది. పోయిన అక్టోబర్‌లో తనకి పాప పుట్టింది. అమ్మ సెప్టెంబర్‌లోనే వెళ్లిపోయింది. తెలుగు అమ్మల అమెరికా ట్రిప్ ఎలా ఉంటుందో మీకు తెలుసు. రెండు సూట్‌కేసుల్లో పచ్చళ్లు, కారప్పొడులు, పాపకి పాత కాటన్ చీరల గుడ్డలు. విజిటర్ వీసా మీద సాధారణంగా ఆరు నెలలు ఉండనిస్తారు. కాబట్టి మార్చి దాకా అమ్మ అక్కడ, నేనూ నాన్నా ఇక్కడ, సికింద్రాబాద్ మెట్టుగూడలో.

నాన్న లాలాగూడ క్యారేజ్ వర్క్‌షాప్‌లో 34 ఏళ్లు వెల్డర్‌గా చేసి, రెండేళ్ల కింద రిటైర్ అయ్యాడు. ఆ వర్క్‌షాప్ నిజాం రైల్వే కాలంలో, 1893లో పెట్టినది. రైలు పెట్టెలు అక్కడికి దెబ్బతిని వస్తాయి, బాగుపడి పోతాయి. నాన్న చేతులు కూడా అంతే, ఏ వస్తువునైనా బాగు చేస్తాయి. మిక్సీ, ఫ్యాన్, పక్కింటివాళ్ల గేటు, ఏదైనా సరే. ఒక్క వంటగదిలోకి మాత్రం రాడు. మంచినీళ్లు కావాలన్నా గుమ్మం దగ్గర నిలబడి గ్లాసు అందుకునే టైపు.

అమ్మ వెళ్లిన మొదటి వారం బాగానే గడిచింది. ఫ్రిజ్‌లో పెట్టి వెళ్లినవి ఉన్నాయి. రెండో వారం నుంచి కర్రీ పాయింట్. అక్కడి కూరల్లో నూనె, ఉప్పు సంగతి తెలిసిందే. నేను వండితే నాన్న ఒక ముద్ద తిని, తల ఊపి, "మంచిగనే ఉంది. కానీ మీ అమ్మ చేసినట్టు లేదు" అనేవాడు. తిట్టడం కాదు. బాధపెట్టాలని కాదు. ఆ నాలుకకి 31 ఏళ్లుగా ఒకటే చెయ్యి అలవాటు. పప్పు వండినా అదే మాట, టమాటా చారు పెట్టినా అదే మాట. చివరికి రెండు పూటలా పెరుగన్నం, మామిడికాయ తొక్కు. "నాకు గిది సాలు బిడ్డా" అని.

నవంబర్ మొదట్లో చెకప్‌కి వెళ్తే బీపీ 150 దాటింది. డాక్టర్ మొదటి ప్రశ్నే "పచ్చడి ఎక్కువ తింటున్నారా?" అని.

ఈ సంగతి అమ్మకి తెలిసింది. అక్కడ చలికాలంలో మనకన్నా పదిన్నర గంటలు వెనక. అంటే మనకి సాయంత్రం ఆరున్నరైతే వాళ్లకి పొద్దున ఎనిమిది. రోజూ ఆ టైముకి వీడియో కాల్. చేతిలో పాప, మొహంలో నాన్న గురించిన టెన్షన్. "నాన్న తిన్నడా?" అనేదే మొదటి మాట. నాలుగు రోజుల తర్వాత చెప్పేసింది. "నేను డిసెంబర్ల వచ్చేస్త. ఆయన ఇట్ల తినకుంట కూసుంటే నాకు ఈడ ముద్ద దిగుతలేదు."

ఆ రాత్రి అక్క నాకు విడిగా ఫోన్ చేసింది. అమెరికాలో డెలివరీ సెలవు కథ మనకి పూర్తిగా తెలియదు. అక్కడి కేంద్ర చట్టం, 1993లో వచ్చినది, 12 వారాల సెలవు ఇస్తుంది, అదీ జీతం లేకుండా. మన దగ్గర చట్టంలో మొదటి ఇద్దరు పిల్లలకి 26 వారాలు, జీతంతో. అక్కకి జనవరి మధ్యలో ఆఫీసుకి వెళ్లక తప్పదు. "అమ్మ వెళ్లిపోతే మూడు నెలల పిల్లని డేకేర్‌లో వదలాలిరా తమ్ముడూ" అంది. ఏడవలేదు. ఏడిస్తే నేనే ఏదో ఒకటి చెప్పి ఓదార్చేవాణ్ని. మామూలు గొంతుతో చెప్పేసరికి నా దగ్గర మాటల్లేవు.

ఒకవైపు పాప, ఇంకోవైపు నాన్న ప్లేటు. మధ్యలో అమ్మ.

ఇదిలా ఉండగా థ్యాంక్స్ గివింగ్ వచ్చింది. నవంబర్ నాలుగో గురువారం. అక్క వాళ్ల పక్కింటి అమెరికన్ పెద్దావిడ పాపని చూడటానికి వస్తూ ఒక గాజు డిష్‌లో ఏదో తెచ్చిందట. అమ్మ శాకాహారి కాబట్టి అడిగి మరీ చేసుకొచ్చిందట. మరుసటి రోజు అమ్మ నాకు మూడు వాయిస్ మెసేజ్‌లు పెట్టింది. "గుమ్మడికాయనేరా. కానీ పులుసు లేదు, బెల్లం లేదు. మెత్తగ, జర తియ్యగ, పైన చీజు. దాని మీద ఉప్పు బిస్కెట్ల పొడి, కరకర. రెండోసారి పెట్టుకున్న!"

ఆ గొంతులో ఏదో కొత్తగా వినిపించింది. ఆలోచిస్తే అర్థమైంది. మా అమ్మ తను వండకుండా, వేరేవాళ్లు తన కోసం వండి తెచ్చింది కూర్చుని తిని, దాని గురించి చెప్పడం నేను వినడం అదే మొదటిసారి. ఆ మెసేజ్‌లు నాన్నకి వినిపించాను. ఆయన రెండోసారి కూడా పెట్టమన్నాడు. తర్వాత చాలాసేపటికి, టీవీ చూస్తూనే, "ఏందిరా అది, అంత మంచిగున్నదట?" అన్నాడు.

అప్పుడే నేను స్క్వాష్ క్యాసరోల్ అన్నది, ఆయన హాట్ బాక్స్ తెచ్చింది.

అమ్మ తిన్నది బటర్‌నట్ స్క్వాష్. సీసా ఆకారంలో ఉండే లేత గోధుమరంగు కాయ. 1940ల్లో మసాచుసెట్స్‌లో చార్లెస్ లెగెట్ అనే ఆయన తయారుచేసిన రకం. మన సూపర్ మార్కెట్లలో కూడా అప్పుడప్పుడు ప్లాస్టిక్ చుట్టి పెడతారు. ధర చూసి పక్కన పెట్టేశాను. ఇంటికొచ్చి చదివితే తెలిసింది, బటర్‌నట్ శాస్త్రీయ నామం కుకుర్బిటా మోస్చాటా. మన దగ్గర పండే తీపి గుమ్మడిలో చాలా రకాలు కూడా అదే జాతి! బెంగళూరులోని ఉద్యాన పరిశోధన సంస్థ విడుదల చేసిన అర్క చందన్ కూడా మోస్చాటానే. అంటే పక్కింటావిడ వాడిన కాయకి స్వయానా అక్క మోండా మార్కెట్‌లో ముక్కలు కోసి అమ్ముతున్న గుమ్మడికాయ.

ఇంకో సరదా విషయం. గుమ్మడి జాతి మొదట అమెరికా ఖండాలదే. మెక్సికోలోని ఒక గుహలో దొరికిన గుమ్మడి గింజల వయసు దాదాపు 10,000 ఏళ్లు. మిరపకాయ, టమాటా, ఆలుగడ్డ లాగే ఇది కూడా యూరప్ ఓడలెక్కి మన దాకా వచ్చింది. మనం అచ్చ తెలుగు పులుసు అనుకునే దాంట్లో కాయ ఒకప్పుడు వలస వచ్చినదే. బూడిద గుమ్మడి మాత్రం వేరే, అది ఆసియాదే. దాంతో వడియాలు పెట్టుకోండి కానీ ఈ వంటకి వాడకండి, అంతా నీళ్లే.

ఆదివారం పొద్దున ఇద్దరం మోండా మార్కెట్‌కి వెళ్లాం. ముక్క కొందామంటే నాన్న ఒప్పుకోలేదు. "కోసింది ఎప్పటిదో ఏమో" అని, చేత్తో తట్టి, తొడిమె ఎండిందో లేదో చూసి, చిన్న పూర్తి కాయ తీసుకున్నాడు. తొడిమె ఎండితే కాయ ముదిరినట్టు. ముదిరితే నీళ్లు తక్కువ, తీపి ఎక్కువ. ఈ వంటకి అదే కావాలి.

ఇక్కడ ఒక విషయం చెప్పాలి. మా ఇంట్లో పూర్తి గుమ్మడికాయని ఆడవాళ్లు పగలగొట్టరు. మొదటి దెబ్బ మగవాళ్లే వెయ్యాలి. చాలా ఇళ్లలో ఉన్న ఆచారమే. వంటగదికి సంబంధించి 31 ఏళ్లలో నాన్న చేసిన ఒకే ఒక్క పని అది. అది కూడా బయట వరండాలో కూర్చుని. ఆ రోజు కూడా వరండాలోనే మొదలుపెట్టాడు. కానీ లోపల వినేవాళ్లు, అందుకునేవాళ్లు లేరు. సగాలు చేసిన కాయ పట్టుకుని తనే లోపలికొచ్చి, గట్టు మీద పెట్టి, "ఇప్పుడేం జెయ్యాలె?" అన్నాడు.

ఆ ప్రశ్న నాకు చాలా నచ్చింది. ఎందుకంటే నాకూ తెలియదు. ఫోన్‌లో చదివి చెప్పడమే. ఈ వంటలో ఇద్దరం ట్రైనీలమే.

గుమ్మడికాయలో సుమారు 90 శాతం నీళ్లే. ఆ నీళ్లు ముందే తీసెయ్యకపోతే క్యాసరోల్ కాదు, చీజ్ పులుసు అవుతుంది. అందుకే ముక్కలని ఉడకబెట్టకూడదు, కాల్చాలి. చెక్కు తీసి, గింజలు తీసి, అంగుళం ముక్కలు కోసి, చెంచా నూనె, మిరియాల పొడి పట్టించి ట్రేలో ఒకే వరుసలో పరవాలి. ముక్క మీద ముక్క పడితే ఆవిరి బయటికి పోదు, ఉడికిపోతాయి. "గాలి ఆడాలె" అన్నాడు నాన్న ట్రే చూసి, నేను చదివి చెప్పకముందే.

మా ఓవెన్ 2020 లాక్‌డౌన్‌లో నేను ఆన్‌లైన్‌లో కొన్న ఓటీజీ. రెండు కేకులు చేసి కవర్ కప్పేశాం. 200 డిగ్రీలకి ప్రీహీట్ చెయ్యాలి అన్నాను. ఆ మాట వినగానే నాన్న మొహం మారింది. "ప్రీహీటా? అది నాకు చెప్తవారా!" మందపాటి ఉక్కుని వెల్డింగ్ చేసేముందు వేడి చేస్తారట. లేకపోతే అతుకు తొందరగా చల్లారి పగుళ్లొస్తాయట. 34 ఏళ్లు చేసిన పని. ఇక ఓటీజీ ఆయనదే. కింద రాడ్, పైన రాడ్, రెండూ ఆన్. లైటు ఎందుకు ఆరి మళ్లీ వెలుగుతోందో నాకు వివరించాడు. లోపల రెండు లోహాలు అతికించిన పట్టీ ఉంటుంది. వేడికి ఒకటి ఎక్కువ, ఒకటి తక్కువ సాగుతాయి. పట్టీ వంగి కరెంట్ ఆపుతుంది. చల్లారితే మళ్లీ నిటారుగా అయి కలుపుతుంది. రోజంతా కోడ్ రాసే నాకు ఇంట్లోనే ఉన్న ఒక ఇఫ్-ఎల్స్ ఆ రోజు కనబడింది.

25 నిమిషాల్లో ముక్కల అంచులు గోధుమరంగుకి తిరిగాయి. ఇల్లంతా ఒక తీపి వాసన. 

ఆ వాసనకి నాన్నకి వేరే ఇల్లు గుర్తొచ్చింది. దక్షిణ లాలాగూడలో అప్పట్లో ఆంగ్లో ఇండియన్ కుటుంబాలు బాగానే ఉండేవి. డ్రైవర్లు, గార్డులు, ఫోర్‌మెన్‌లు. నాన్న కొత్తగా చేరిన రోజుల్లో ఒక పెద్దాయన క్రిస్మస్‌కి ఇంటికి పిలిచాడట. వాళ్లింట్లో ఓవెన్ లేదు. బొగ్గుల పొయ్యి మీద గిన్నె, మూత మీద కూడా నిప్పులు. అందులో కూరగాయలు, తెల్లటి సాస్, పైన ఎర్రగా కాలిన పొర. "బేక్ అన్నరు. గిదే కావచ్చు" అన్నాడు. మన దమ్ బిర్యానీ పద్ధతి కూడా అదే కదా, కిందా పైనా నిప్పు. ఓటీజీలో రెండు రాడ్‌లు చేసేదీ అదే. 1806లో కంటోన్మెంట్‌గా పుట్టిన ఊరు మనది. ఇలాంటి వంట ఇక్కడికి అమెరికా నుంచి రావాల్సిన పని లేదు. రెండు వీధుల అవతల ఎప్పటి నుంచో ఉంది. నాన్న ఒక్కసారి తిన్నాడు, ఇంటికొచ్చి చెప్పలేదు అంతే.

తర్వాత వైట్ సాస్. వెన్న కరిగించి, మైదా వేసి, పచ్చివాసన పోయేదాకా సన్నసెగ మీద తిప్పి, పాలు కొద్దికొద్దిగా పోస్తూ కలపాలి. పేరు కొత్తగా ఉన్నా సంగతి పాతదే. మజ్జిగ పులుసులో శనగపిండి ఎందుకు కలుపుతాం? చిక్కదనానికి, మజ్జిగ విరక్కుండా ఉండటానికి. ఇక్కడ మైదా చేసే పని కూడా అలాంటిదే. పిండి ముందే కొవ్వులో కలిసిపోతే ఉండలు కట్టదు. 

ఇక చీజ్. పనీర్ వేస్తే సరిపోదా అనకండి. పనీర్ పాలు విరగ్గొట్టి చేసేది, ఎంత వేడి చేసినా కరగదు. మన క్యూబ్‌ల్లో దొరికేది ప్రాసెస్డ్ చీజ్. 1911లో స్విట్జర్లాండ్‌లో కనిపెట్టిన పద్ధతి. చీజ్‌ని కొన్ని లవణాలతో కలిపి కరిగిస్తారు. ఆ లవణాలు కొవ్వుని, ప్రొటీన్‌ని విడిపోకుండా పట్టుకుంటాయి. అందుకే సాస్‌లో వేస్తే నూనె తేలకుండా నున్నగా కలిసిపోతుంది. తీగలు సాగాలంటే మోజరెల్లా కావాలి, అది పైన. కాబట్టి లోపల క్యూబ్‌లు, పైన మోజరెల్లా. శాకాహారులైతే ప్యాకెట్ మీద ఆకుపచ్చ చుక్క చూసుకోండి. కొన్ని విదేశీ చీజ్‌లు దూడ కడుపులోంచి తీసే రెన్నెట్‌తో తోడుపెడతారు.

పైన పొడి దగ్గర ఆగిపోయాం. అక్కడ వాడేది వెన్న రుచి, కొంచెం ఉప్పు, కొంచెం తీపి ఉండే క్రాకర్ బిస్కెట్లు. మన దగ్గర ఏమున్నాయి? నాన్న లేచి, తన టీ డబ్బా తెచ్చాడు. ఉస్మానియా బిస్కెట్లు! వెన్న, కొంచెం ఉప్పు, కొంచెం తీపి. ఏడో నిజాం ఉస్మాన్ అలీ ఖాన్ పేరు మీద ఉన్న బిస్కెట్ న్యూజెర్సీ వంట మీదికి ఎక్కింది. తీపి ఎక్కువ కాకుండా సగం రస్కులు కలిపాం.

చేసుకోవాలనుకునేవాళ్లకి లెక్క ఇదీ. నలుగురికి సరిపోతుంది.

ముదురు తీపి గుమ్మడి 1 కిలో. ఉల్లిపాయలు 2, వెల్లుల్లి 4 రెబ్బలు, పచ్చిమిర్చి 2. వెన్న 2 టేబుల్ స్పూన్లు, మైదా 2 టేబుల్ స్పూన్లు, పాలు 400 మిల్లీలీటర్లు. ప్రాసెస్డ్ చీజ్ 75 గ్రాములు, మోజరెల్లా 50 గ్రాములు. ఉస్మానియా బిస్కెట్లు 5, రస్కులు 3. మిరియాల పొడి. ఉప్పు చివర్లో రుచి చూసి మాత్రమే, ఎందుకంటే చీజ్‌లోనే చాలా ఉంటుంది.

ముక్కలు 200 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు కాల్చండి. ఉల్లి, వెల్లుల్లి, మిర్చి విడిగా వేయించి ముక్కల్లో కలపండి. వైట్ సాస్‌లో క్యూబ్‌లు తురిమి వేసి, అన్నీ కలిపి గాజు డిష్‌లో సర్దండి. పైన మోజరెల్లా, దాని మీద బిస్కెట్ పొడి. మళ్లీ 180 దగ్గర 20 నిమిషాలు, పైన ఎర్రగా అయ్యేదాకా. ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు డిష్‌ని నేరుగా వేడి ఓవెన్‌లో పెట్టకండి, పగలొచ్చు. ఇది నాన్న మాట. బయటికి తీశాక 10 నిమిషాలు ఆగాలి. అప్పుడే సాస్ సర్దుకుని, స్పూన్‌తో తీస్తే ముక్కగా వస్తుంది.

ఓవెన్ లేదా? ముక్కలు ఇనుప పెనం మీద విడతలుగా కాల్చుకోండి. మందపాటి కడాయిలో సాస్‌తో కలిపి, చీజ్ వేసి, మూతపెట్టి సన్నసెగ మీద ఉంచండి. బిస్కెట్ పొడిని విడిగా వెన్నలో వేయించి వడ్డించేముందు చల్లండి. పైపొర కాలిన రుచి పూర్తిగా రాదు కానీ కరకర వస్తుంది.

ఆ మధ్యాహ్నం ఇద్దరం ప్లేట్లలో పెట్టుకున్నాం. పక్కన ఒక చపాతీ. నాన్న ఒక స్పూన్ తిన్నాడు. నమిలాడు. అలవాటుగా తల ఊపి, "మంచిగనే ఉంది. కానీ మీ అమ్మ చేసినట్టు..." అని ఆగాడు.

వాక్యం ముందుకి పోలేదు. ఎందుకంటే మా అమ్మ ఇది ఎప్పుడూ చెయ్యలేదు. పోల్చడానికి వెనక ఏమీ లేదు. ఒక్క క్షణం నన్ను చూసి నవ్వి, రెండోసారి పెట్టుకున్నాడు, అమ్మ పెట్టుకున్నట్టే.

నేను అప్పటిదాకా నాన్నకి రుచి సమస్య అనుకున్నాను. కాదు. అమ్మ వంటల దగ్గర ఆయన జీవితమంతా తినేవాడు, బాగుందో లేదో చెప్పేవాడు. అక్కడ చెయ్యి పెట్టే చోటు ఆయనకెవరూ చూపించలేదు, ఆయనా వెతకలేదు. ఈ వంట మాత్రం ఎవరిదీ కాదు. కాయ పగలగొట్టింది తను, వేడి చూసింది తను, బిస్కెట్లు ఇచ్చింది తను. తను చేసిన దాన్ని "మీ అమ్మ చేసినట్టు లేదు" అని పక్కన పెట్టలేడు కదా.

తర్వాతి బుధవారం నేను ఆఫీసులో ఉన్నాను. వారానికి మూడు రోజులు వెళ్లాలి మాకు. మధ్యాహ్నం ఫ్యామిలీ గ్రూప్‌లో ఫొటో వచ్చింది. మిగిలిన సగం గుమ్మడికాయతో నాన్న ఒక్కడే చేసిన క్యాసరోల్. కింద ఒకే లైన్: "180, 22 నిమిషాలు." యూనియన్ వాళ్లిచ్చిన డైరీలో ట్రయల్ నంబర్ వేసి రాసుకుంటున్నాడని తర్వాత చూశాను. అమ్మ అక్కడ తెల్లవారుజామున పాపకి పాలు పట్టడానికి లేచిందేమో, రెండు నిమిషాల్లో కాల్ వచ్చిందట. నాకు కాదు, నేరుగా నాన్నకి. "తిన్నడా" అని ఎవరినీ అడగలేదు. "పొడి మాడిందా ఏంది, జర నల్లగున్నది" అందట.

చీజ్ వంట రోజూ తినేది కాదు, బీపీ ఉన్న మనిషికి అసలే కాదు. నెలకి రెండుసార్లు, అంతే. కానీ ఓవెన్ దగ్గర నిలబడ్డ మనిషి నెమ్మదిగా స్టవ్ దగ్గరికి కూడా వచ్చాడు. ముందు పప్పు. కుక్కర్ అంటే ప్రెజర్ కాబట్టి అది కూడా తన సబ్జెక్టే అన్నాడు. తర్వాత బీరకాయ, ఆలుగడ్డ. కర్రీ పాయింట్‌కి సెలవు. తొక్కు వారానికి రెండుసార్లకి తగ్గింది. జనవరి చెకప్‌లో పై నంబర్ 136. మందు కూడా వేసుకుంటున్నాడు, కాబట్టి క్రెడిట్ మొత్తం గుమ్మడికాయకి ఇవ్వను.

అమ్మ డిసెంబర్‌లో రాలేదు. అక్క జనవరిలో ఆఫీసుకి వెళ్లింది. పాప ఇంట్లోనే, అమ్మమ్మ ఒళ్లోనే ఉంది.

మీ ఇంట్లో కూడా ఎప్పుడూ వంటగదిలోకి రాని మనిషి ఉంటే నాదొక సలహా. ఇంటి వంట నేర్పిస్తామని మొదలుపెట్టకండి. పప్పుకి, చారుకి ఇంట్లో ఇప్పటికే ఒక టాపర్ ఉంటుంది. ఆ పోలికలో ఎవరైనా పారిపోతారు. ఎవరికీ రాని వంట ఒకటి తీసుకోండి, గుమ్మడి బేక్ అయినా, ఇంకేదైనా. వాళ్ల చేతులకి ముందే తెలిసిన పని ఏదో ఒకటి అందులో ఉంటుంది. టైలర్ అయితే కొలత, డ్రైవర్ అయితే టైమింగ్, వెల్డర్ అయితే వేడి. ఆ పని వాళ్లకి వదిలేసి మీరు పక్కన నిలబడి ఉల్లిపాయలు కొయ్యండి.

మార్చి రెండో వారంలో అమ్మ ఫ్లైట్. ఎయిర్‌పోర్ట్ నుంచి వచ్చాక మొదటి భోజనం ఏంటో నాన్న డిసైడ్ చేసేశాడు. డైరీలో అది తొమ్మిదో ట్రయల్. అమ్మ తిని ఏమంటుందో తెలియదు. "పక్కింటావిడ చేసినట్టు లేదు" అంటుందేమో అని మాత్రం నాన్నకి చిన్న భయం ఉంది.